అట్లాస్ గారి అరపూట సెలవు

ఆకాశం విరిగి కింద పడి ఈ రోజుకి నలభై ఒక్క రోజులు. ఈ మాట నేను అనడం లేదు, రికార్డు అంటోంది. పొద్దున్నే లేచి చూస్తే నెత్తిమీద నీలంగా, ఎక్కడిదక్కడే ఉంది కదా అని మీరనవచ్చు. అది మీ సొంత అభిప్రాయం. సొంత అభిప్రాయాలు ఉన్నవాళ్ళు ఒలింపస్ కొండ మీద ఉద్యోగం చెయ్యలేరు. నేను చేస్తున్నాను.

నా పేరు ఫానియాస్. దేవతల సచివాలయంలో హాజరు విభాగం గుమస్తాని. దేవుణ్ణే గాని చెప్పుకోదగ్గ దేవుణ్ణి కాను. మెరుపులకీ సముద్రాలకీ ప్రేమకీ పెద్దవాళ్ళు ఉన్నారు, నాకు రిజిస్టరు ఇచ్చారు. మా ఆఫీసులో ఎవరూ చావరు, ఎవరూ రిటైరవరు. అందుకని ఖాళీలు రావు, ఖాళీలు రావు గనక ప్రమోషన్లూ రావు. ఇక ఫైలుకి గడువు అనే మాట మాకు బొత్తిగా తెలియదు. ఆలస్యమైతే ఎవరో ఒకరు పోతారన్న భయం ఉన్నచోటే కదా గడువు పుట్టేది.

ఈ గొడవంతా హెఫైస్టస్ గారు ఒక యంత్రం చెయ్యడంతో మొదలైంది. ఆయన దేవతల కమ్మరి. చేతిలో పనితనం ఉంది, ఊరికే కూర్చోలేడు. ఒక కంచు పెట్టె చేశాడు. దాని మీద బొటనవేలు నొక్కితే లోపలున్న కంచు గుడ్లగూబ కళ్ళు తెరిచి "హాజరు" అంటుంది. మా ప్రభువు జ్యూస్ గారికి అది తెగ నచ్చేసింది. ఆయనకి ఒక కొత్త వస్తువు నచ్చిందంటే ఇక దాన్ని ఆపడం ఆయన తరం కూడా కాదు. నిండు సభలో లేచి, "సమయపాలనే సుపరిపాలన" అన్నారు. దేవతలంతా చప్పట్లు కొట్టారు. మర్నాడే నిబంధన వచ్చింది. స్వర్గం, భూమి, పాతాళం మూడింటిలోనూ ఉన్న ప్రతి ఉద్యోగీ రోజూ సూర్యోదయానికి సచివాలయానికి స్వయంగా వచ్చి వేలిముద్ర వెయ్యాలి. రాని రోజు గైర్హాజరు. గైర్హాజరైన రోజు ఆ ఉద్యోగి చెయ్యవలసిన పని జరగనట్టే లెక్క.

ఆ చివరి వాక్యం ఎవరు రాశారో ఇప్పటికీ తేలలేదు.

ప్రభువులవారికి మాత్రం మినహాయింపు ఉంది. ఆయన తరచు హంస రూపంలోనో ఎద్దు రూపంలోనో క్షేత్ర పర్యటనలకి వెళుతుంటారు. ఆ పర్యటనల ఉద్దేశం ఏమిటని ఆయన భార్య హేరా అమ్మగారు తప్ప మరెవరూ అడగరు. ఎద్దుకి బొటనవేలు ఉండదు. మినహాయింపు ఫైలులో నేను ఆ ఒక్క ముక్కే రాశాను, వెంటనే సంతకం అయిపోయింది. నా ఉద్యోగ జీవితంలో ఒక్క పూటలో కదిలిన ఫైలు అదే.

పాతాళంలో కాపలా కాసే నూరు చేతుల అన్నదమ్ములు ముగ్గురున్నారు. వాళ్ళు మొదటి వారంలోనే యంత్రం ఆనుపానులు పట్టేశారు. ఒక్కొక్కరికి నూరు బొటనవేళ్ళు. ఒకటి తమ పేర ఉంచుకుని మిగతావన్నీ స్నేహితుల పేర నమోదు చేయించారు. ఇప్పుడు పాతాళంలో మూడు వందల మంది క్రమం తప్పకుండా పనికి వస్తున్నారు, వచ్చేది ముగ్గురు. ఉత్తమ హాజరు బహుమతి పాతాళానికే ఇచ్చారు.

లక్షల ఏళ్ళుగా ఒక్క క్షణం కూడా పని మానని ఉద్యోగి మాకు ఒకే ఒక్కరున్నారు. యంత్రం బిగించిన మొదటి రోజే ఆయనకి గైర్హాజరు పడింది.

ఆయన అట్లాస్ గారు. టైటన్ల వంశం. జ్యూస్ ప్రభువులకంటే ముందు లోకాన్ని ఏలిన పాత దేవతల్ని టైటన్లంటారు. పాతవాళ్ళకీ కొత్తవాళ్ళకీ పదేళ్ళు యుద్ధం జరిగింది. ఓడిన పక్షానికి ఈయన సేనాపతి. అందుకు శిక్షగా పడమటి కొసన సముద్రం ఒడ్డున నిలబడి ఆకాశాన్ని భుజాల మీద మొయ్యమన్నారు. శిక్ష వేసింది న్యాయశాఖే గాని, మోసే వస్తువు ప్రభుత్వానిది కనక ఆయన పేరు సిబ్బంది జాబితాలోకి కూడా ఎక్కించారు. శిక్ష కనక జీతం లేదు, ఉద్యోగం కనక విడుదల లేదు.

ఆయనకి ఏడుగురు కూతుళ్ళు. ఎవడో వేటగాడు వాళ్ళ వెంట పడుతుంటే ప్రభువులవారు కరుణించి ఆ పిల్లల్ని చుక్కలుగా మార్చి ఆకాశంలో పెట్టారు. మీ వైపు కృత్తికలంటారట, పల్లెల్లో పిల్లలకోడి అంటారని కూడా విన్నాను. తండ్రి మోస్తున్న ఆకాశంలోనే కూతుళ్ళున్నారు. కాని మెడ మీద ఆకాశం ఉన్నవాడు తల ఎత్తలేడు. ఆయన కళ్ళకి కనిపించేది తన పాదాలూ, కాస్త ఇసకాను. గొర్రెలు కాసుకునేవాడి దగ్గర్నుంచి లోకంలో అందరూ ఆ పిల్లల్ని చూశారు, కన్నతండ్రి ఒక్కడే చూడలేదు.

అందుకని ఆయన సెలవు పెట్టుకున్నాడు. అరపూట. ఆయన చెప్తుంటే అప్పట్లో ఆ ఒడ్డున ఉన్న జాలరి ఎవరో రాసిపెట్టిన దరఖాస్తు అది. "అయ్యా, ఒక సాయంకాలం ఎవరైనా వచ్చి అరపూట పట్టుకుంటే తల ఎత్తి నా పిల్లల్ని ఓసారి చూసుకుంటాను. చూసుకుని మళ్ళీ నేనే మోస్తాను." దాని మీద మా విభాగం ఎనిమిది వందల ఏళ్ళు శ్రద్ధగా ఆలోచించింది. చివరికి ఈమధ్యే ఒక నిర్ణయానికి వచ్చింది. సెలవుకి అర్హత కావాలంటే వరసగా నెల రోజుల హాజరు చూపించాలి.

గైర్హాజరు పడిన రోజునే రిజిస్టరు పట్టుకుని మా డైరెక్టరు యూనోమస్ గారి గదిలోకి వెళ్ళాను. ఆయన మహా క్రమశిక్షణ గల దేవుడు. నవ్వు వస్తే ముందు తలుపు వేయిస్తారు.

"సార్, అట్లాస్ గారికి గైర్హాజరు పడిందండీ."

"రాకపోతే పడదా మరి?"

"ఆయన రాలేరు కదండీ. వస్తే ఆకాశం పడిపోతుంది."

"చూడు ఫానియాస్. రాలేకపోవడం వేరు, రాకపోవడం వేరు అని యంత్రానికి తెలుస్తుందా?"

"తెలీదండీ."

"యంత్రానికి తెలియని తేడా డైరెక్టరుకి తెలిస్తే దాన్ని పక్షపాతం అంటారు."

"పోనీ యంత్రాన్నే ఆయన దగ్గరికి పట్టుకెళ్తానండీ."

"యంత్రం ఆవరణ దాటకూడదు. దాటితే అదే గైర్హాజరవుతుంది."

"ఒక్కసారి కిటికీలోంచి చూడండి సార్. ఆకాశం పైనే ఉంది. అంటే ఆయన డ్యూటీలో ఉన్నట్టే కదండీ" అన్నాను.

ఆయన కిటికీ వైపు చూడలేదు. చూసిన దేవుడు డైరెక్టరు కాలేడు. నిబంధన కాగితం తీసుకుని ఆ చివరి వాక్యాన్ని వేలు పెట్టి చదివారు.

"గైర్హాజరైన రోజు ఆ ఉద్యోగి చెయ్యవలసిన పని జరగనట్టే లెక్క. ఇతగాడు చెయ్యవలసిన పని ఏమిటి?"

"ఆకాశం మొయ్యడమండీ."

"అది జరగలేదు. జరగకపోతే ఆకాశం ఏమైనట్టు?"

ఆయన తలుపు వెయ్యమన్నారు.

సాయంత్రానికి సర్క్యులర్ వచ్చింది. "ఇందుమూలముగా సమస్త దేవతలకు, ఉపదేవతలకు, వనదేవతలకు తెలియజేయడమేమనగా, ధారకుని గైర్హాజరు కారణంగా ఆకాశం నేటి సూర్యోదయం నుండి కింద పడినట్టు పరిగణించడమైనది. సిబ్బంది యావన్మందీ తదనుగుణంగా నడుచుకోవలెను."

తదనుగుణంగా నడుచుకోవడమంటే వంగి నడుచుకోవడం. పడిన ఆకాశం ఎంత ఎత్తున ఆగిందో తేల్చడానికి కమిటీ వేస్తే, మూడు మూరల ఎత్తున అని తేల్చింది. అంతకంటే ఎత్తుగా నిలబడినవాడు ప్రభుత్వ ఆకాశాన్ని తలతో పొడిచినవాడవుతాడు. మర్నాటి నుంచి సచివాలయం వరండాల్లో దేవతలు మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని తిరిగారు. ఒకరికొకరు ఎదురైతే నమస్కారం ప్రత్యేకంగా పెట్టనక్కర్లేదు, పెట్టినట్టే ఉండేది.

మూడో రోజున సూర్యరథం తోలే హీలియోస్ గారు వేలిముద్ర వెయ్యడానికి వచ్చారు. ఆకాశం లేదు గనక ఆయన దారి రద్దయిందని చెప్పాను.

"అదేంటయ్యా, ఇప్పుడు దాని మీదనుంచే కదా వచ్చింది!" అన్నాడాయన.

"అనధికారికంగా తోలుకోండి, అభ్యంతరం లేదు" అన్నారు డైరెక్టరు గారు.

ఆ లెక్కన పగటి వెలుతురు కూడా అనధికారికమైపోయింది. ఆఫీసుల్లో మిట్టమధ్యాహ్నం దీపాలు పెట్టుకుని పని చేశాం. లేని ఆకాశంలో ఎగురుతున్నందుకు సంజాయిషీ చెప్పమని పక్షులకి నోటీసులు పంపాం. కొంగలు వరసగా వచ్చి సంజాయిషీ కిటికీల మీద వేసి పోయాయి. దాన్నీ ఫైలు చేశాం.

నన్ను ఆశ్చర్యపరిచింది ఇవేవీ కాదు. మా పక్కింట్లో ఒక చిన్న వాగుకి దేవత ఉంది, లిమ్నైయా అని. ఓ రోజు పొద్దున్న ఆవిడ పెరట్లో కూడా వంగే నడుస్తోంది. "ఇంట్లో కూడా ఎందుకమ్మా?" అన్నాను. "అలవాటు తప్పితే ఆఫీసులో తల తగుల్తుంది అన్నయ్యా" అంది. మొత్తం కొండ మీద అందరూ అచ్చం అట్లాస్ గారిలాగే తయారయ్యారు. ఆయన మెడ మీద బరువు ఉంది, వీళ్ళ మీద సర్క్యులర్ ఉంది.

పడిన ఆకాశాన్ని వెతికి లేవనెత్తడానికి ఒక మిషన్ పెట్టారు. దానికి అధ్యక్షుడు హెరాక్లీస్ గారు. ఆయన ఒకప్పుడు మహావీరుడు, పన్నెండు ఘనకార్యాలు చేసి దేవుడైనవాడు. ఆ పన్నెండులో ఒకదానికి బంగారు ఆపిల్ పళ్ళు కావలసివచ్చి, వాటిని తెమ్మని అట్లాస్ గారిని పంపి, ఆయన తిరిగి వచ్చేదాకా ఆకాశం తాను పట్టుకున్నాడు. పట్టుకున్నది కాసేపే. దాని గురించి ఆయన ఇచ్చే ఉపన్యాసం రెండు పూటలు పడుతుంది. మరి ఆ కాసేపట్లో అట్లాస్ గారు తల ఎత్తి కూతుళ్ళని చూసుకోలేదా అంటారేమో. అది పట్టపగలు. ఆ రోజు పట్టపగలు చుక్కలు కనిపించింది హెరాక్లీస్ గారికి ఒక్కరికే.

మిషన్ తనిఖీకి ఆయన పడమటి ఒడ్డుకి బయలుదేరాడు. కూడా పదకొండుమంది శిల్పులు. నివేదిక రాయడానికి నన్ను తీసుకెళ్ళారు. ఆకాశం అంచుకి ఒక అరచెయ్యి ఆనించి, గడ్డం కాస్త పైకెత్తి, శిల్పులు చాలనేదాకా అలాగే నిలబడ్డాడు. అట్లాస్ గారు కింద నుంచి అడిగాడు.

"ఎటూ వచ్చావు గదా నాయనా, పొద్దు గుంకేదాకా ఉండి ఓ క్షణం పట్టుకోరాదూ? తలెత్తి చూసుకుంటాను."

"తాతగారూ, మీ కష్టం నాకంటే ఎవరికి తెలుసండీ! కానీ ఇక్కడ ఆకాశం లేదు కదా ఇప్పుడు. లేనిదాన్ని నేను పట్టుకుంటే రికార్డు ఏమైపోవాలి?" అని హెరాక్లీస్ గారు కళ్ళు తుడుచుకున్నాడు. తుడుచుకుంటుండగా కూడా ఒక శిల్పం చెక్కారు.

మిషన్ నివేదిక వచ్చింది. సంఘటనా స్థలంలో పడిన ఆకాశం జాడ లేదు, అట్లాస్ అనే వ్యక్తి మాత్రం చేతులు పైకెత్తి అకారణంగా నిలబడి ఉన్నాడు. దాని మీద డైరెక్టరు గారు ఉత్తర్వు తయారుచేశారు. "మోయవలసిన వస్తువు లేనందున ధారకుని పోస్టు రద్దు చేయడమైనది. సదరు అట్లాస్ ఈ ఉత్తర్వు అందిన తక్షణమే చేతులు దించి స్థలం ఖాళీ చేయవలెను. పోస్టు లేని వ్యక్తి సెలవుకు అర్హుడు కాడు."

"సార్, ఆయన నిజంగానే చేతులు దించేస్తే?" అన్నాను.

"దించితే ఏమవుతుందయ్యా? పడిపోయిన ఆకాశం మళ్ళీ పడదు కదా."

ఇక లాభం లేదని వరసలు దాటి ప్రధాన కార్యదర్శి హెర్మీస్ గారి దగ్గరికి పరిగెత్తాను. వంగే పరిగెత్తాననుకోండి. ఆయన దేవతల వార్తాహరుడు, రెక్కల చెప్పుల దేవుడు. ఇంకో సంగతి కూడా ఉంది. ఆ ఏడుగురు అక్కచెల్లెళ్ళలో పెద్దామె మాయా ఈయన తల్లి. అట్లాస్ ఈయనకి సొంత తాత.

ఆయన నా చేతిలోని ఉత్తర్వు చూసి, తాకకుండా చేతులు వెనక్కి పెట్టుకున్నారు. "ఆయన మా తాత ఫానియాస్. అందుకే ఆ ఫైలు నేను చూడకూడదు" అన్నారు.

"ఫైలు చూడకపోతే పోయె, ఆయన్నే ఓసారి వెళ్ళి చూసి రావచ్చు కదండీ. మీ చెప్పులకి క్షణం పని."

"ప్రధాన కార్యదర్శి తాత కోసం వెళ్ళాడని నలుగురూ అనరూ? పదవిలో ఉన్నంత కాలం మా తాత నాకు ఏమీ కాడు."

"పదవి ఎప్పటిదాకా అండీ?"

"శాశ్వతం" అన్నారు. నిజాయితీపరుడే, కాదనను. ఆ నిజాయితీని చూస్తే నాకు ఒళ్ళు మండిపోయింది. ఉత్తర్వు ఎవరో ఒకరు అందజెయ్యక తప్పదు కాబట్టి నన్నే పట్టుకెళ్ళమన్నారు. కాస్త నెమ్మదిగా చదివి వినిపించమన్నారు, అదీ తాత మీద ప్రేమ కొద్దీ.

నా హోదాకి రెక్కల చెప్పులు లేవు. నడిచి వెళ్ళేసరికి మూడు రోజులు పట్టింది. చేరేటప్పటికి పొద్దు వాలుతోంది. అట్లాస్ గారు ఒకప్పుడు కొండంత మనిషట. మోసి మోసి కుంగిపోయి ఇప్పుడు ఆయన మొహం నా మొహం ఎత్తుకి దిగింది. కళ్ళు నేల మీదే ఉన్నాయి.

"హెరాక్లీసుతో వచ్చిన గుమస్తా బాబువి గదూ? ఎడంకాలి చెప్పు తెగింది నీది. కుట్టించుకో."

ఆయన మనుషుల్ని పాదాలతో గుర్తుపడతాడని అప్పుడు తెలిసింది. "ఉత్తర్వు తెచ్చాను తాతా" అన్నాను.

"నా సెలవుదా?"

ఆ గొంతులో ఆశ వినగానే కాగితం అక్కడే చింపెయ్యాలనిపించింది. చింపలేదు, గుమస్తాని. మొత్తం చదివాను. హెర్మీస్ గారు చెప్పినట్టు నెమ్మదిగానే చదివాను.

"అంటే వదిలెయ్యమన్నారా?"

"అలాగే రాశారు."

"నా శిక్ష అయిపోయిందన్నమాట."

"రికార్డు ప్రకారం అయిపోయినట్టే తాతా."

ఆయన కుడి భుజం కదిలింది. దూరంగా ఎక్కడో ఉరిమింది, కాళ్ళ కింద ఇసక జారింది. నేను కాగితం పారేసి ఆయన కాళ్ళు వాటేసుకున్నాను. "వద్దు తాతా! నీకు దణ్ణం పెడతాను, వదలొద్దు!"

ఆయన నవ్వాడు. "భుజం మార్చుకున్నానయ్యా, అంతే. మా పిల్లలు ఏడుగురూ దీంట్లోనే ఉన్నారు గదా. శిక్ష అయిపోతే మాత్రం ఎట్టా వదుల్తాను?"

నేను ఇసకలో కూలబడ్డాను. మా కార్యాలయంలో ఆకాశానికి సంబంధించి మూడు గదుల నిండా ఫైళ్ళున్నాయి. అది ఎందుకు పైన నిలబడి ఉందో ఒక్క ఫైలులోనూ రాసిలేదు. సిగ్గుతో నాకు తల ఎత్తబుద్ధి కాలేదు.

"ఎట్టా ఉన్నారు బాబూ ఆళ్ళు? నువ్వు రోజూ చూస్తావు గదా" అన్నాడాయన.

"బాగున్నారు తాతా. మెరుస్తుంటారు" అన్నాను. నేనెప్పుడూ సరిగ్గా చూసినవాణ్ణి కాదు. ఈ నెలరోజులుగా అయితే అసలు తల ఎత్తిందే లేదు.

ఆ ఒడ్డున ఇప్పుడుండే జాలరి ఇల్లు దగ్గర్లోనే ఉంది. ఏమన్నా దొరుకుతుందేమోనని వెళ్ళాను, వాకిట్లో ఇత్తడి గంగాళం ఉంది. వెడల్పు మూతిది. దాన్ని దొర్లించుకుంటూ తెచ్చి, అట్లాస్ గారి మొహం ఎదురుగా నేల మీద పెట్టి, సముద్రం నుంచి నీళ్ళు మోసుకొచ్చి నింపాను. పొద్దు గుంకింది. తూర్పున ఆ పిల్లల గుంపు పైకి వచ్చింది. గంగాళాన్ని కాస్త ముందుకీ కాస్త వెనక్కీ జరిపాను. నీళ్ళలో చుక్కలు వణికాయి.

తాత ఊపిరి బిగపట్టాడు. తర్వాత పేరుపేరునా లెక్కపెట్టాడు. ఆరు దగ్గర ఆగిపోయి కంగారుపడ్డాడు.

"ఆరుగురే ఉన్నారయ్యా. చిన్నది, మెరోపి, అదేదీ? దానికేమైంది?"

నీళ్ళు ఇంకా కదులుతున్నాయి. కాస్త నిలబడనిచ్చాను. మిగతా ఆరింటి వెనక బాగా సన్నగా, ఉందా లేదా అన్నట్టు ఒక చుక్క తేలింది.

"అదుగో!" అన్నాడు తాత. "దొంగముండ! చిన్నప్పట్నించీ అంతే, అక్కల ఎనకాల నక్కుతాది." ఆయన ఏడుస్తున్నాడో నవ్వుతున్నాడో నాకు తెలియలేదు. నేను మాత్రం ఏడ్చాను.

తిరిగి వచ్చి నేను చేసిన పని చెబుతాను. నివేదిక రాశాను. జరిగింది జరిగినట్టు రాయడం నాకు వ్యసనం, దాన్నే ఇన్నాళ్ళూ మంచితనం అనుకున్నాను. "ఉత్తర్వు అందజేయడమైనది. స్వీకర్త చేతులు దించలేదు. నీటితో నింపిన గంగాళమును నేల మీద ఉంచగా అందులో ఆకాశము, ఏడు నక్షత్రములు స్పష్టముగా కనిపించినవి. స్వీకర్త తన కుమార్తెలను చూసి సంతోషించెను." చదివి ఎవరి మనసైనా కరుగుతుందని ఆశపడ్డాను కూడా.

డైరెక్టరు గారు రెండుసార్లు చదివారు. తలుపు వెయ్యమనకుండానే నవ్వారు. "నేల మీద! ఆకాశం! నక్షత్రాలతో సహా! దొరికిందయ్యా!"

హెరాక్లీస్ గారు ముప్ఫై మందితో వెళ్ళి గంగాళాన్ని స్వాధీనం చేసుకున్నారు. దారిలో నీళ్ళు సగం ఒలికిపోయాయి, ఒలికిన ఆకాశానికి పంచనామా రాశారు. మిగిలినదాన్ని మేళతాళాలతో కొండ మీదికి తెచ్చి, ఎవరూ ముట్టకుండా మూత వేసి, మూత మీద లక్క సీలు వేసి సచివాలయం ముందు అరుగు మీద పెట్టారు. ప్రభువులవారు స్వయంగా వచ్చి మూతకి నమస్కరించారు. "ఆకాశం ఆచూకీ లభించినందున సిబ్బంది నిటారుగా నిలబడవచ్చును" అని సర్క్యులర్ వేశారు. చాలామందికి నడుము లేవలేదు. వాళ్ళు మినహాయింపు కోసం దరఖాస్తు పెట్టుకున్నారు.

ఆ వెంటనే ఇంకో ఆలోచన వచ్చింది. ఒక గంగాళంలో ఆకాశం దొరికితే మిగతా గిన్నెల మాటేమిటి? ఆరుబయట నీళ్ళు నిలవున్న ప్రతి పాత్రా ఆకాశపు ముక్కల్ని అక్రమంగా దాచినట్టే. తీరం పొడుగునా దాడులు చేసి కడవలు, ముంతలు, పశువుల తొట్లు అన్నీ పట్టుకెళ్ళారు. సముద్రానికి కూడా నోటీసు ఇద్దామంటే అది పోసైడన్ గారి శాఖ, ఆయన ఒప్పుకోలేదు. ఆ వివాదం నడుస్తోంది.

అదే వారంలో ఇంకో కాగితం వచ్చింది. "దరఖాస్తుదారు తన కుమార్తెలను చూసినట్టు గుమస్తా ఫానియాస్ నివేదిక వలన స్పష్టమగుచున్నది. సెలవు కోరిన కారణం తీరిపోయినందున దరఖాస్తు ముగించడమైనది. ఇకపై ఇదే కారణంతో సెలవు కోరరాదు." ఒలింపస్ చరిత్రలో ముగిసిన మొదటి ఫైలు అది. డైరెక్టరు గారికి పతకం ఇచ్చారు. ఉత్తర్వు మీద సంతకం ఆయనది, పేరు నాది.

అందరూ చప్పట్లు కొడుతుంటే నేను లేచి బయటికి వచ్చేశాను. ఎవరికీ చెప్పలేదు. మూడు రోజులు నడిచాను.

అల్లంత దూరం నుంచే తాత నా పాదాలు పోల్చుకున్నాడు. "వచ్చావా బాబూ? ఎవరో వచ్చి గంగాళం తీసకపోయారు. ఇంకో పెద్దది తేవడానికేమో అనుకున్నాను. తెచ్చావా?"

రోజూ సాయంత్రం ఆయన ఆ చోటు వైపే చూస్తూ ఉన్నాడని జాలరి చెప్పాడు. జాలరి ఇంట్లో చెంబు కూడా మిగల్లేదు.

పొద్దు గుంకాక సముద్రంలోకి దిగాను. అలల మీద చుక్కలు నిలబడవు. దోసిలి పట్టి, వేళ్ళు బిగించి, ఒక్క బొట్టు కారకుండా నడుచుకుంటూ వచ్చి ఆయన కళ్ళ ముందు పట్టాను. దోసిలి చిన్నది. ఒకసారికి ఇద్దరు కూతుళ్ళకంటే పట్టరు. నీళ్ళు కారిపోయేలోపు ఆయన చూసుకుంటాడు, నేను మళ్ళీ వెళ్ళి తెస్తాను. ఇద్దరు, ఇద్దరు, ఇద్దరు.

నాలుగోసారి తెచ్చిన దోసిట్లో మెరోపి ఒక్కతే ఉంది. తాత ఆ పిల్లతో మెల్లగా ఏదో మాట్లాడుతున్నాడు. ఏమన్నాడో నేను వినలేదు. వింటే నివేదికలో రాస్తానేమోనని భయం వేసింది.